జపాను కుక్క ఉపవాసం

కోపం తగ్గాక రాద్దామని మూడు వారాలు ఆగాను. తగ్గలేదు. నేను ఆగిన ఆ మూడు ఆదివారాలూ తిరుపతి నుంచి ఆ మినీబస్సు నిండా జనంతో వెళ్లి వచ్చింది. ఇంకా ఆగితే నాకూ మంచిది కాదు, ఆ కుక్కకూ మంచిది కాదు. అందుకే కూర్చుని రాస్తున్నాను.

నేను తిరుపతిలో ఎలిమెంటరీ స్కూలు టీచర్ని. ఇరవై రెండేళ్లుగా రెండో తరగతికి పాఠాలు చెబుతున్నాను. నా కోపం సంగతి మా స్కూల్లో పిల్లల దగ్గర్నుంచి హెడ్మాస్టరు దాకా అందరికీ తెలుసు. అరగంటకు మించి నిలవదని కూడా తెలుసు. ఇన్నాళ్లు నిలిచిన కోపం ఇదే మొదటిది.

ఈ ప్రయాణానికి కారణం మా స్కూలు గోడకు ఎవరో అంటించి పోయిన ఒక పచ్చ కాగితం. "జపాను దేశపు మహాభక్త శునకం! అకిటా జాతి! అన్నం ముందు పెట్టినా ముట్టని నిత్యోపవాసి! పలమనేరు చల్లగాలిలో దర్శించండి! గైడుతో ఒక్కరోజు టూరు, టిఫిను భోజనాలతో ముప్ఫై అయిదు రూపాయలు!" ఇన్ని ఆశ్చర్యార్థకాలు నా క్లాసులో ఎవరైనా పెడితే మార్కులు తీసేస్తాను.

మూడో తరగతి చెప్పే గ్రేసమ్మకు కుక్కలంటే ప్రాణం. ఇంటి ముందు నాలుగు వీధికుక్కలకు రోజూ అన్నం పెట్టి, పక్కింటివాళ్లతో రోజూ మాటలు పడుతుంది. "అక్కా, ఈ జన్మలో మనం జపాను పోతామా ఏంది? జపానే పలమనేరు వచ్చిందంట, పోదాం పా" అంది. పోయాం.

చంద్రగిరి దాటుతూ

గైడు పేరు చెంగల్రాయుడు. తెల్ల ప్యాంటు, తెల్ల బూట్లు, మెడలో బ్యాటరీ మైకు. ఇరవై మంది పట్టే బస్సులో మైకు ఎందుకో నాకు అర్థం కాలేదు గానీ, పలమనేరు చేరేదాకా అతను దాన్ని ఆపలేదు. చంద్రగిరి దగ్గర "ఎడమవైపు కోట చూడండి" అన్నాడు. అందరం ఎడమకు తిరిగి చూశాం. కోట కుడివైపు ఉంది. అప్పుడే నేను దిగిపోవాల్సింది.

ముందు సీట్లో వరదాచారిగారు, ఆయన భార్య కూర్చున్నారు. ఆయన సూపరింటెండెంటుగా రిటైరయ్యారు, మా నాన్నగారికి తెలిసినవారు. నాకు నలభై ఆరేళ్లొచ్చినా ఆయనకింకా "అమ్మాయ్"నే. "జపాను వాళ్లు బౌద్ధులు కదా అమ్మాయ్, వాళ్ల కుక్కల్లో కూడా ఆ సంస్కారం ఉంటుంది" అన్నారు. మా వీధికుక్కల్లో వైష్ణవ సంస్కారం ఎందుకు లేదో అడుగుదామనుకుని, పెద్దవారని ఊరుకున్నాను.

చిత్తూరులో ఇడ్లీ

మా ఊళ్లో సాంబారు గిన్నెలో ఇస్తారు, ఇడ్లీ ముక్క ముంచుకుని తింటాం. చిత్తూరులో ఇడ్లీ మీదే బకెట్టుతో కుమ్మరిస్తారు. చాలు అనేలోపు ఇడ్లీ కనబడదు. బాగుంటుంది, కాదనను.

సర్వరు మమ్మల్ని చూడగానే కనిపెట్టేశాడు. "కుక్క కాడికేనా? మా బామ్మర్ది పొయ్యొచ్చినాడు. మొక్కుకున్నాడు. నెల తిరక్క ముందే ఉజ్జోగమొచ్చింది" అన్నాడు. వరదాచారిగారి భార్య గబగబా కొంగున ఒక ముడి వేసుకుంది. ఏం మొక్కుకుందో అడగలేదు.

మొగిలి ఘాటు

ఘాటు సగంలో బస్సు ఇంజను పొగలు కక్కింది. డ్రైవరు నీళ్లు పోసే లోపు అందరం దిగి, గంపతో కూర్చున్న ఒక ముసలమ్మ దగ్గర సీతాఫలాలు కొన్నాం. గాలి అప్పుడే మారిపోయింది. తిరుపతిలో ఆవిరిలో ఉడికించినట్టు ఉక్కపోస్తుంటే, ఇక్కడ చెవులకు చలి తగులుతోంది.

చెంగల్రాయుడు అక్కడ కుక్క కథ చెప్పాడు. ఇందులో కొంత నిజమేనని తర్వాత తెలిసింది. పలమనేరు పక్కన వాళ్ల బావకు మల్బరీ తోట ఉంది. పట్టుపురుగుల పెంపకం నేర్పడానికి జపాను నుంచి ఒక నిపుణుడు వచ్చి ఆ తోటలో రెండున్నరేళ్లు ఉన్నాడు. వచ్చేటప్పుడు తన కుక్కను విమానంలో తెచ్చుకున్నాడు. నాలుగు నెలల క్రితం పని ముగించుకుని వెళ్లేటప్పుడు, దాన్ని తీసుకెళ్లే కాగితాలు కుదరక, చూసుకోమని వీళ్లకు అప్పగించి వెళ్లాడు. "ఆ మరుసటి రోజు నించే స్వామి ఉపవాస దీక్ష మొదలుపెట్టినాడు" అని ముగించి చెంగల్రాయుడు కళ్లు మూసుకున్నాడు. స్వామి అంటే కుక్క.

మొదటి దర్శనం

గేటు దగ్గర చెప్పులు విప్పించాడు. నడుము వంచి మూడుసార్లు వంగమన్నాడు, అది జపాను మర్యాదట. వంగాం. ఆరడుగుల వరదాచారిగారు వంగి లేవలేక అవస్థ పడితే గ్రేసమ్మ నవ్వాపుకోలేక నా భుజం గిల్లింది.

కుక్క అందంగా ఉంది, ఆ మాట చెప్పి తీరాలి. దూడంత కుక్క. వీపంతా కొత్త బెల్లం రంగు, రొమ్ము తెలుపు, నిక్కబొడుచుకున్న చెవులు, నడుం మీదికి చుట్టుకున్న తోక. ఒళ్లంతా చెయ్యి పెడితే మునిగిపోయేంత బొచ్చు. రేకుల షెడ్డులో, చుట్టూ కట్టిన కమ్మీల లోపల నిలబడి మమ్మల్ని చూసింది.

ఒకతను స్టీలు పళ్లెంలో చక్కెరపొంగలి తెచ్చాడు. నెయ్యి వాసన మా దాకా వచ్చింది. చెంగల్రాయుడు మైకులో "మత్తే!" అన్నాడు. కుక్క టక్కున కూర్చుంది. "స్వామి పేరు మత్తే. జపాను భాషలో భక్తుడని అర్థం" అన్నాడు. పళ్లెం దాని మూతికి జానెడు దూరంలో పెట్టారు.

కుక్క ముట్టలేదు. పళ్లెం కేసి చూసింది, తలెత్తి మా ముఖాల్లోకి ఒక్కొక్కరినే చూసింది, మళ్లీ పళ్లెం కేసి చూసింది. నోటి నుంచి తీగలా చొంగ కారి నేల తడిసింది. "నోరూరుతున్నా చలించని ఇంద్రియ నిగ్రహం!" అని మైకు అరిచింది. ఇరవై నిమిషాలు అలా కూర్చోబెట్టారు. వరదాచారిగారు లెంపలు వేసుకున్నారు. కొందరు గోవిందలు చెప్పారు. నేను చేతులు జోడించాను. దాచడం దేనికి, జోడించాను.

తర్వాత పళ్లెం తీసేసి, ఆ పొంగలే దొన్నెల్లో పెట్టి మాకు ప్రసాదమని పంచారు. కుక్క చూస్తుండగా నిలబడి తిన్నాం. జీడిపప్పు బాగా వేశారు. నేను దొన్నె అడుగు దాకా తిన్నాను.

గ్రేసమ్మ తినలేదు. కమ్మీల సందు నుంచి కుక్క వీపు మీద చెయ్యి పెట్టింది. "ముట్టుకోకూడదమ్మా, స్వామి మడిలో ఉన్నాడు" అని చెంగల్రాయుడు పరుగెత్తుకొచ్చాడు. ఆవిడ చెయ్యి తియ్యలేదు. మొహం మాత్రం పాలిపోయింది.

"అక్కా, నువ్వు చెయ్యి పెట్టి సూడు."

పెట్టాను. బొచ్చు కింద ఏముంది? పక్కటెముకలు. ఒక్కొక్కటీ వేలికి తగిలింది. వెన్నుపూసలు గులకరాళ్లలా ఉన్నాయి. బొచ్చు చూసి పుష్టిగా ఉందనుకున్నాం. అది ఆకలితో చచ్చిపోతోంది. దాని నోటి దగ్గర లాక్కున్న పొంగలి నా కడుపులో ఉంది.

"ఇది అసలేం తింటుంది?" అని అడిగాను.

"గాలి భోంచేస్తాడు మేడం" అన్నాడు చెంగల్రాయుడు, నవ్వకుండా.

వంటింటి వెనక

మధ్యాహ్నం రాగిసంగటి, పప్పు, ఊరుబిండి పెట్టారు. ఊరుబిండి అంటే మా వైపు వేరుశెనగ పచ్చడి. సంగటి వేడిగా, గుండ్రంగా ఆకులో వచ్చి పడింది. గ్రేసమ్మా నేనూ మాత్రం రెండు ముద్దలు తిని లేచాం. చేతులు కడుక్కోవడానికి వంటింటి వెనక్కి వెళితే అక్కడ వంటమనిషి గిన్నెలు తోముతోంది. పేరు మునెమ్మ అని చెప్పింది. యాభై దాటిన మనిషి. ఆ తోటలో వంట మొత్తం ఆమెదే. కుక్కకు తిండి పెట్టరా అని అడిగాను.

"పెడ్తానే ఉండారు గదమ్మా. పొద్దన ఒకతూరి, మద్దేనం ఒకతూరి. అది ముట్టదు, వాళ్లు తీసేస్తారు. రేత్రి కట్టిప్పితే దూడల కాడ ఒలికిన పాలు నాకుతాది. అంతే."

"మొదటి నుంచీ ఇంతేనా?"

"యాడ! జపానాయన ఉన్నబుడు సూడాల్సింది. నేనే వండి పెడ్తా ఉంటి, కోడికూర, అన్నం. రెప్పకొట్టే లోపల పళ్లెం కడిగినట్ల ఉండేది."

"అప్పుడూ మత్తే అని పిలిచేవాళ్లా?"

"ఆయప్ప పిలిసేటోడు. మత్తే అంటానే అది కూసునేది. నేను పళ్లెం పెడ్తా. ఆ మీదట ఆయప్ప నా తట్టు సూసి నగి ఒక మాట అంటాడు. అది తింటాది."

"ఏం మాట?"

మునెమ్మ గిన్నె దబ్బున కింద పెట్టింది. "ఆ మాట నా నోట్లో రాదమ్మా. కష్టం చేసి తినే మనిసిని పట్టుకోని రెండున్నర ఏండ్లు పూటపూటా అంత మాట అన్నాడు. నగతా అన్నాడు. నా మొగుడికి గూడ సెప్పలేదు. ఆయప్ప పోతే పీడ పోయిందనుకుంటి."

నాకు వెలిగింది. వెలిగినందుకు గొప్పేం లేదు, నేను రోజూ చేసే పనే అది. క్లాసులో "చేతులు కట్టుకోండి" అని బయటికొచ్చి హెడ్మాస్టరుతో మాటల్లో పడతాను. నేను తిరిగెళ్లి "విప్పండి" అనేదాకా నలభై మంది పిల్లలూ అలాగే కూర్చుంటారు. మత్తే అనేది దాని పేరు కాదు. ఆగు అని. రెండో మాట చెవిన పడితేనే తినొచ్చని దానికి నేర్పారు. ఆ రెండో మాట చెప్పే మనిషి జపాను వెళ్లిపోయాడు. వీళ్లు మొదటి మాట మాత్రం రోజుకు రెండుసార్లు మైకులో అరుస్తున్నారు.

మునెమ్మకు అదే చెప్పాను. "ఆయన నిన్ను కాదు, కుక్కను అన్నాడు. ఆ మాట చెప్పు తల్లీ, దాని ప్రాణం నిలబడుతుంది."

"నా మొగం సూసి అన్నాడమ్మా. కుక్క మొగం సూసి కాదు." ఆమె మళ్లీ గిన్నె అందుకుంది. గ్రేసమ్మ గడ్డం పట్టుకుని బతిమాలింది. ఆమె చెప్పలేదు. అంతలో రెండో దర్శనానికి గంట కొట్టారు.

మూడు గంటలకు

మళ్లీ పొంగలి. మళ్లీ "మత్తే!" మళ్లీ అది కూర్చుని మా ముఖాలు వెతకడం మొదలుపెట్టింది. పొద్దున ఆ చూపును భక్తి అనుకున్నాను. మాలో ఎవరైనా ఆ మాట అంటారేమోనని అది చూస్తోంది.

లేచి నిలబడి అందరికీ విషయం చెప్పాను. ఇది ఉపవాసం కాదు, మాడ్చి చంపడం అన్నాను. "కూర్చో అమ్మాయ్, అపచారం" అన్నారు వరదాచారిగారు. "టీచరమ్మగారికి జపాను భాష కూడా వచ్చునండోయ్!" అన్నాడు చెంగల్రాయుడు మైకులో. అందరూ నవ్వారు.

ఉక్రోషం పట్టలేక కమ్మీల దగ్గరికి వెళ్లి నాకొచ్చిన మాటలన్నీ అన్నాను. తిను అన్నాను. తినమ్మా అన్నాను. ఈట్ అన్నాను. సాపిడు అని అరవం కూడా అన్నాను. ప్రతి మాటకూ కుక్క చెవి తిప్పింది, నా నోటి కేసి చూసింది, కదల్లేదు. వెనక నవ్వులు పెరిగాయి. నాకు కళ్లలో నీళ్లు వచ్చాయి, ఏడుపుతో కాదు.

అప్పుడు మునెమ్మ తడి చేతులతోనే వచ్చి నా పక్కన నిలబడింది. "నగొద్దండి. ఈయమ్మ సెప్పేది నిజిమే. జపానాయన ఉన్నబుడు ఇది బాగా తినింది, నేనే పెట్టినాను" అంది.

నవ్వులు ఆగిపోయాయి. చెంగల్రాయుడికి ఒళ్లు మండింది. మెడలో మైకు ఉన్న సంగతి మరిచిపోయాడు.

"ఓసి! ఓసి కూడు తినేదానికి ఇంత పొగరా! పోయే లోపలికి!"

ఆ మాట తోటంతా మోగింది. కుక్క పళ్లెం మీద పడింది.

బయటి జిల్లాల వాళ్లకు చెప్పాలి. అరవదేశం అంచున ఉన్న మా చిత్తూరు వైపు ఓసి అంటే ఊరికే వచ్చింది, డబ్బివ్వనిది అని. ఓసి కాఫీ, ఓసి సినిమా అంటాం, నవ్వుకుంటాం. చెమటోడ్చే మనిషిని పట్టుకుని ఓసి కూడు అంటే మాత్రం అంతకంటే పెద్ద తిట్టు లేదు. తిరుపతికి వచ్చాక, జపాను వెళ్లి చదువుకొచ్చిన ఒకాయన్ని వెతికి పట్టుకుని అడిగాను. మత్తే అంటే ఆగమని, యోషి అంటే సరే కానిమ్మని చెప్పారు. యోషి. మునెమ్మకు అది ఓసి అని వినబడింది. చిత్తూరు చెవికి ఇంకెలా వినబడుతుంది?

పళ్లెం ఖాళీ అయింది. కుక్క నేల మీద పడిన మెతుకులు కూడా నాకింది. పళ్లెం కమ్మీలకు కొట్టుకుని టంగుటంగుమంది.

మునెమ్మ నేల మీద కూలబడింది. "ఇదేనమ్మా ఆ మాట. నేను కూడు పెట్టేది, ఆయప్ప ఓసి అనేది. నన్నే అంటాండాడనుకుంటి. నాలుగు నెల్లు ఇది నా మొగం సూస్తా కూసునింది. నేను ఒక్క మాట అనుంటే తినేది."

"వ్రతభంగమైంది. ఏదైనా ప్రాయశ్చిత్తం..." అని వరదాచారిగారు మొదలుపెట్టారు.

"పొద్దున మీరు తిన్న పొంగలి దానిదండీ. నేను తిన్నదీ దానిదే. ప్రాయశ్చిత్తం ఉంటే అది మనకే" అన్నాను. నాన్నగారి స్నేహితుడితో ఆ గొంతుతో మాట్లాడటం నా జీవితంలో అదే మొదలు. బాధేమీ కలగలేదు.

చెంగల్రాయుడు ఈసారి మైకు ఆపి, నెమ్మదిగా మాట్లాడాడు. "ఆ మాట ఇంక ఈ గేటు లోపల ఎవురూ అనకూడదు. వచ్చే రెండు నెల్లకు సీట్లన్నీ నిండిపోయినాయి. కుక్క అన్నం తినేది సూడను ఎవురొస్తారు?"

మునెమ్మ లేచింది. వంటింట్లోకి వెళ్లి మధ్యాహ్నం మిగిలిన సంగటీ పప్పూ కలిపి గుండిగతోనే తెచ్చింది. కుక్క ముందు పెట్టి, చెంగల్రాయుడి ముఖం చూస్తూ "ఓసి" అంది. ఇన్నేళ్లు దాచుకున్నదంతా ఆ ఒక్క మాటలో వచ్చింది. కుక్క తోక ఊపుతూ తింది.

"రేపట్నించి పనికి రావొద్దు" అన్నాడు చెంగల్రాయుడు.

"రాను లేబ్బా. ఇది తినేదాకా ఉండి పోతా" అంది మునెమ్మ. అలాగే నిలబడింది. మా బస్సు కదిలేటప్పటికి ఇంకా అక్కడే ఉంది.

తిరుపతిలో

ఎవరెవరికి రాయాలో అందరికీ ఉత్తరాలు రాశాను. జవాబులు రాలేదు. మరుసటి ఆదివారం టిక్కెట్టుకు పోతే చెంగల్రాయుడు నాకివ్వలేదు, గ్రేసమ్మకూ ఇవ్వలేదు. గ్రేసమ్మ మామూలు బస్సెక్కి పలమనేరు పోయి, గేటు బయట నిలబడి గొంతు చించుకుని అరిచి వచ్చింది. షెడ్డు దూరం. వినబడలేదు. మునెమ్మను తోట చుట్టుపక్కలకే రానివ్వడం లేదట.

మొన్న మా పక్కింటావిడ పలమనేరు నుంచి వచ్చి, ఎంతో ప్రేమగా నాకొక దొన్నె ఇచ్చింది. ప్రసాదమట. చక్కెరపొంగలి. స్వామి ఇంకా మెతుకు ముట్టడం లేదని, చూస్తే ఒళ్లు పులకరించిందని చెప్పింది.

కాబట్టి నేను వెళ్లొద్దని చెప్పను. మీరు వెళ్లండి. చిత్తూరులో ఇడ్లీ తినండి, ఘాటులో సీతాఫలాలు కొనుక్కోండి. గేటు దగ్గర వంగమంటే వంగండి. పళ్లెం పెట్టి మైకులో మత్తే అనగానే, చేతులు జోడించకుండా, మా ఇద్దరి తరఫునా మునెమ్మ తరఫునా గట్టిగా ఓసి అనండి. అతను అరిస్తే అరవనివ్వండి. మీకు కోపం వస్తే ఆ కోపంతోనే అనండి. దానికి తెలుగు రాదు, తిట్టనుకోదు. అన్నం తింటుంది.